చిటికెన వేలి సందు

పెద్దనాయన పోయాడన్న కబురు వచ్చినప్పుడు నేను డ్యూటీలో ఉన్నాను. రక్తపరీక్షల సెంటర్‌లో రక్తం తీసే పని నాది. ఒకాయన మోచేతికి రబ్బరు పట్టీ బిగించి, ఫోను చెవికీ భుజానికీ మధ్య ఇరికించుకుని, నరం వెతుకుతున్నాను. అవతల పెద్దమ్మ తమ్ముడు. "అమ్మా, బావ పోయిండు. ఇప్పుడే చెప్పిండు డాక్టరు," అన్నాడు. సరేనన్నాను. నరం దొరికింది. రక్తం తీశాను, సీసా మీద పేరు రాశాను, దూది గట్టిగా అదిమి పట్టుకోమని ఆయనకు చెప్పాను. చేతులు కడుక్కునేటప్పుడు గానీ ఏడుపు రాలేదు.

"నీ చెయ్యి వణకది బిడ్డా, గది నీకు పుట్టుకతోనే వచ్చింది," అని పెద్దనాయన ఎప్పుడూ మెచ్చుకునేవాడు. ఆ రోజు ఆ వణకని చేతుల మీద నాకే అసహ్యం వేసింది.

సాయంత్రానికి సంతోష్‌నగర్ ఇంటికి తెచ్చారు. ముందు గదిలో చాప మీద పడుకోబెట్టారు. పెద్దమ్మ పక్కన కూర్చుని ఆయన ఎడమ చేతి వేళ్లు ఒక్కొక్కటీ సాపు చేస్తోంది. నాలుగు వేళ్లూ చాపుకున్నాయి. చిటికెన వేలు మాత్రం ఎన్నిసార్లు తీసినా మళ్లీ లోపలికే ముడుచుకుంటోంది. "మిషిన్ల నలిగిన వేలు. గది గంతే, ఎన్నడు సక్కగ కాలే," అంది చుట్టూ కూర్చున్న ఆడవాళ్లతో. ఆ గదిలో ఏమైనా అనగలిగేదాన్ని నేనొక్కదాన్నే, నేనే నోరు విప్పలేదు.

పెద్దనాయన మాకు రక్తసంబంధం కాదు. మా నాన్నా ఆయనా కంచన్‌బాగ్‌లో ఒక మెటల్ ఫ్యాక్టరీకి ఒకే షిఫ్టు బస్సులో పోయేవాళ్లు. మా నాన్న ఫిట్టరు, ఆయన లేతు మిషన్ మీద టర్నరు. ఇద్దరూ పక్కపక్కన ఇళ్లు కట్టుకుంటూ మధ్య గోడ ఒక్కటే కట్టారు. నాన్న పోయాక ఆ గోడకు అవతల ఉన్నాయనే నాకు దిక్కయ్యాడు. ఆయనకు పిల్లల్లేరు. నా మీద అరిచే హక్కు, నన్ను ముద్దు చేసే హక్కు రెండూ ఆయనే తీసుకున్నాడు, ఎవరినీ అడగకుండా.

చిన్నప్పుడు ఆ గోడ మీద గడ్డం ఆనించి నేను రోజూ చూసిన దృశ్యం ఒకటుంది. పెద్దమ్మ దీపం పెట్టి వరండాలోకి వచ్చేది. రెండు కుర్చీలు, మధ్యలో స్టూలు, స్టూలు మీద స్టీలు పళ్లెం, పళ్లెంలో పేక కట్ట. ఆయన పత్తాలు విసనకర్రలా పరిచేవాడు. ఆమె ఒకటి తీసి, చూసి, కళ్లకద్దుకుని, మళ్లీ కట్ట మధ్యలో పెట్టేది. ఆయన కట్ట మూసి, మండీలో టమాటల గురించో, ఎదురింటివాళ్ల మోటారు గురించో మాట్లాడుతూ పళ్లెంలో పెట్టేవాడు. పెద్దమ్మ పై పత్తా తిరగేసేది. అదే. ఆమె తీసిందే.

"వచ్చింది. పో," అనేవాడాయన. పెద్దమ్మ చెప్పులేసుకుని సంచి పట్టుకుని మాదన్నపేట మండీకి బయలుదేరేది. పత్తా రాని రోజు గడప దాటేది కాదు. గల్లీలో అందరికీ ఈ సంగతి తెలుసు. కొందరు నవ్వుకునేవాళ్లు, కొందరు తమ పని మీద కూడా పత్తా తీయమని వచ్చేవాళ్లు. "మా ఇంటి పత్తా బయటోళ్లకు చెప్పది," అని ఆయన వాళ్లను పంపేసేవాడు. నేను నమ్మాను. ఎందుకు నమ్మకూడదు? రోజూ కళ్లారా చూస్తున్నాను కదా.

రెండేళ్ల కిందట ఆయన చేతులు వణకడం మొదలైంది. మొదట టీ గ్లాసు, తర్వాత చొక్కా గుండీలు. ఒకరోజు పెద్దమ్మ మండీకి పోయాక గోడ మీంచి పిలిచాడు. "నీ డ్యూటీ మధ్యాహ్నం గద. పొద్దుగాల ఒక గంట నాకియ్యి బిడ్డా."

వెళ్లి కూర్చున్నాను. కట్ట పరిచి తీయమన్నాడు. తీశాను, ఆటీన్ జాకీ. మధ్యలో పెట్టించాడు. చేతులు వణుకుతూనే ఉన్నాయి. పైన జాకీ. తర్వాత కట్టను నా వైపు తిప్పి మళ్లీ చేశాడు, ఈసారి నిదానంగా. నా పత్తా మీద పై సగం మూసుకునేటప్పుడు, ఆయన ఎడమ చిటికెన వేలి కొస ఆ రెండు సగాల మధ్య మిగిలిపోయింది. ముందు నుంచి చూస్తే కట్ట మూసుకున్నట్టే ఉంది. వెనక ఒక వెంట్రుకంత సందు. కుడి చెయ్యి కట్టను కప్పి సర్దుతున్నట్టు కదిలింది. ఆ చేతి చాటున కింది సగం పైకొచ్చింది, పై సగం కిందికి పోయింది. సందు కిందున్న నా పత్తా ఇప్పుడు కట్ట మీద ఉంది.

"గింతే," అన్నాడు.

నాకు మహా కోపమొచ్చింది. నా పదో తరగతి లెక్కల పరీక్ష రోజు పెద్దమ్మ నా పేరున కూడా పత్తా తీసింది. అది వచ్చిందనే ధైర్యంతోనే నేను హాలులో కూర్చున్నాను. "అంటే గది కూడ ఉత్తదేనా పెద్దనాయనా?" అన్నాను. ఆయన నెమ్మదిగా కట్ట సర్దాడు. "నువ్వు చదివినవ్ గద బిడ్డా. నేను పత్తా ఒక్కటే తెచ్చిన."

అప్పుడు మొదటి నుంచీ చెప్పాడు. పెళ్లయిన నాలుగో ఏట, ఏడో నెలలో పెద్దమ్మ కడుపు పోయింది. అప్పుడు అలియాబాద్‌లో కిరాయికి ఉండేవాళ్లు. బజారుకు పోయి వస్తుంటే దారిలో నొప్పులు మొదలయ్యాయట. మంచి గడియ చూడకుండా గడప దాటినందుకే ఇలా అయిందని ఆమె మనసులో పడిపోయింది. ఆ తర్వాత ఎనిమిది నెలలు ఇల్లు కదల్లేదు. గడప మీద కాలు పెడితే కళ్లు తిరిగేవి. డాక్టర్లయ్యారు, తాయెత్తులయ్యాయి. ఇంట్లోనే వండుకుని, ఇంట్లోనే ఎండిపోతోంది మనిషి.

షిఫ్టు బస్సులో ఆయన పక్క సీటతను పెళ్లిళ్లలో పత్తాల జాదూ చేసేవాడు. అందరూ అతన్ని ఉస్తాద్ అనేవాళ్లు. అతనే ఒకరోజు, "భాభీసే ఏక్ పత్తా ఖించావో భాయ్. పత్తా ఊపర్ ఆయా తో చలో బోలో," అన్నాడు. వదినతో ఒక పత్తా తీయించు, అది పైకొస్తే పోదాం పద అను, అని. ఆ బస్సులోనే, కుదుపుల్లో, నాలుగు నెలలు నేర్పాడు. ఉస్తాద్ మాటగా పెద్దనాయన నాకు చెప్పింది ఒక్కటే: బస్సు గుంతలో పడ్డా సందు మూసుకోకూడదు.

మొదటి రోజు పత్తా వచ్చింది. పెద్దమ్మ గడప దాటి, మెట్టు దిగి, గల్లీ చివరి దాకా పోయి వచ్చింది. ఆ రోజు ఆయన షిఫ్టుకు పోలేదు. "గా దినం చెప్పాల్సి ఉండె, గిదంత ఆటనే అని. రేపు చెప్తా అనుకున్న. రేపు మల్ల పత్తా తీసింది. మస్తు ఖుషీగ ఉండె. ఎట్ల చెప్పాలె?" అన్నాడు నాతో. ఆ రేపు ముప్పై ఏళ్లు దాటింది.

కొన్నిసార్లు పత్తాను రానిచ్చేవాడు కాదు. ఊళ్లో కర్ఫ్యూ భయం ఉన్న రోజులవి. తమ్ముడికి పిల్లను చూడటానికి పోతానని పెద్దమ్మ బయలుదేరింది. ఆయన వేలు పెట్టలేదు, పత్తా రాలేదు. మర్నాడు మళ్లీ తీస్తానంది. ఆపడానికి నోటికొచ్చింది అనేశాడు: "ఒక్క పని మీద పత్తా రాకపోతే ఎనిమిది దినాలు మల్ల అడగొద్దు." ఆ మాట పెద్దమ్మకు వేదమైపోయింది. అన్నవాడికి మాత్రం అది అంతగా గుర్తు లేదు.

ఇప్పుడు చేతులు వణుకుతున్నాయి. సందు నిలవడం లేదు. రెండుసార్లు పత్తా తప్పిపోయి పెద్దమ్మ రెండు వారాలు ఇంట్లోనే ఉండిపోయింది. "మల్ల పాత రోజులు వచ్చేటట్టున్నయ్ బిడ్డా. నువ్వు నేర్సుకో," అన్నాడు. నిజం చెప్పేయమన్నాను. కట్టను చేతుల్లో అటూ ఇటూ తిప్పాడు. కక్కలేక మింగలేక ఉన్న మనిషిని అంత దగ్గర నుంచి చూడటం నాకు అదే మొదటిసారి. ఆ పక్కనే నాకూ ఒక పీట వేస్తున్నాడని అప్పుడు తెలియలేదు.

నేర్పడంలో ఆయన పచ్చి టర్నరు. ఫీలర్ గేజ్ అని ఒక సామాను ఉంటుంది. చాకులా విప్పితే లోపల పలచటి ఉక్కు రేకులుంటాయి, ఒక్కోటి ఒక్కో మందం. మిషన్‌లో రెండు భాగాల మధ్య సందు ఎంతుందో ఆ రేకులు దూర్చి చూస్తారు. రిటైరైనా ఆ గేజ్ ఆయన జేబులోనే ఉండేది. నేను కట్ట పట్టుకుంటే వెనక నుంచి రేకు దూర్చేవాడు. "ఇంత సందు ఎందుకు? ఆటో పోతది దీంట్ల. ఇంక సన్నగ కావాలె." మళ్లీ పట్టేదాన్ని. మళ్లీ దూర్చేవాడు. ఒక నెల మొత్తం సందు తప్ప ఇంకేమీ నేర్పలేదు.

రెండో నెల సందు పట్టుకునే టీ తాగమన్నాడు. సందు పట్టుకునే మా అమ్మతో గోడ మీంచి మాట్లాడమన్నాడు. నేను కట్ట వైపు చూసినప్పుడల్లా ఉక్కు రేకుతో మణికట్టు మీద తట్టేవాడు. "నువ్వేడ చూస్తే వాళ్లాడ చూస్తరు. ఆమె మొకం చూడు. వేలిని వేలి మానాన ఉండనియ్యి." గట్టిగా పట్టుకున్నా తిట్లే. "గింజుకోకు. మస్తు గట్టిగ పడితే ఇంకో పత్తా అంటుకుని వస్తది. చేపను పట్టినట్టు కాదు, చేప అక్కడున్నదని తెలిసినట్టు పట్టాలె."

మూడో నెలకు కింది సగాన్ని పైకి తేవడం వచ్చింది. బస్సు టికెట్టు తీసుకునేటప్పుడు కూడా నా ఎడమ చిటికెన వేలు లోపలికి ముడుచుకునేది. సెంటర్‌లో తోటి అమ్మాయి, "వేలికి ఏమైందక్కా?" అని అడిగింది. ఏమీ కాలేదన్నాను.

ఆ తర్వాత ఒక ఉదయం పెద్దనాయన భార్యతో అన్నాడు: "నా చేతులు కుదురుత లేవు. బిడ్డ పరుస్తది పత్తాలు. దేవునికి చేతులతోని ఏం పని?" పెద్దమ్మ అనుమానంగానే తీసింది. నేను ఆమె మొహం చూస్తూ కంద గడ్డల గురించి మాట్లాడాను. పత్తా పైకొచ్చింది. పెద్దమ్మ రెండు చేతులూ జోడించింది. "అయితే మహిమ చేతులల్ల లేదు. పత్తాలల్లనే ఉన్నది," అంది. అంతవరకూ ఆమె నమ్మకంలో ఎక్కడో ఒక చిన్న బీట ఉండేదేమో. నా చేతులతో దాన్ని కూడా పూడ్చేశాను. ఆయన కుర్చీలో వెనక్కి వాలి కళ్లు మూసుకున్నాడు. నాకు శభాష్ అనలేదు.

అప్పటి నుంచి రోజూ డ్యూటీకి ముందు ఆ వరండాలో నేను ఉండాల్సిందే. జ్వరమొచ్చినా, అమ్మకు బాగోలేకపోయినా. ఒక పెళ్లికి రెండు రోజులు పోవాలంటే పెద్దమ్మ రెండు రోజులు ఇంట్లో ఉండిపోతుందని మానుకున్నాను. విసుక్కునేదాన్ని. "గీ కొలువుకు రిటైర్మెంటు లేదా పెద్దనాయనా?" అంటే, "నాకే దొరకలే, నీకేడ దొరుకుతది?" అని నవ్వేవాడు.

పోయిన చలికాలం చివర ఆయనకు గుండెలో నొప్పి వచ్చింది. రక్తం నేనే తీశాను, రిపోర్టు నేనే చూశాను. డాక్టరు రేపే వచ్చి చేరిపోమన్నాడు. మర్నాడు పొద్దున సంచి సర్దింది కూడా నేనే: లుంగీలు, దువ్వెన, కళ్లద్దాలు, రిపోర్టులు. పెద్దమ్మ దీపం పెట్టి వరండాలోకి వచ్చింది. స్టూలు, పళ్లెం, కట్ట.

ఆమె తీసింది ఇస్పేటు తొమ్మిది. కళ్లకద్దుకునేటప్పుడు నాకు కనిపించింది. మధ్యలో పెట్టింది. నేను పై సగం మూశాను, వేలు సందులో ఉంది. ఇన్ని నెలలుగా రోజూ చేసిన పనే. కానీ ఆ రోజు తప్పకూడదని నాకు తెలుసు. అది తెలిసినందుకే గట్టిగా పట్టుకున్నాను. అరచెయ్యి చెమట పట్టింది. కింది సగం పైకి తెచ్చాను. పళ్లెంలో పెట్టాను. పెద్దమ్మ తిరగేసింది.

డైమన్ మూడు.

నాకు అప్పుడే అర్థమైంది. చెమటకు పై సగంలోని ఒక పత్తా వేలికి అంటుకుని కిందికి వచ్చింది. సందు ఒక్క పత్తా పైన పడింది. ఇస్పేటు తొమ్మిది ఎక్కడికీ పోలేదు, డైమన్ మూడుకు సరిగ్గా కిందే ఉంది. ఇంకొక్కటి తిరగేస్తే వస్తుంది. ఆ మాట నా నాలుక చివర దాకా వచ్చింది. అది కింద ఉందని నాకెలా తెలుసు అంటే ఏం చెప్పను?

"రాలేదు," అంది పెద్దమ్మ. సంచిలోంచి లుంగీలు తీయడం మొదలుపెట్టింది.

నేను కొట్లాడాను. "డాక్టరు చెప్పిండు పెద్దమ్మా, రిపోర్టు నా కళ్లతోని చూసిన. పత్తాలు పక్కకు పెట్టు ఇయ్యాల," అన్నాను. ఆమె లుంగీలు ఒడిలో పెట్టుకుంది. "నన్ను ఒక్కసారి గట్లనే పొమ్మన్నరు బిడ్డా, ఏం కాదు పో అన్నరు. పోతే ఏమైంది? మల్ల గట్లనే ఈయన్ను నా చేతులతోని తోల్కపోవాల్నా? ఎనిమిది దినాలే గద." పెద్దనాయన నన్నే చూస్తున్నాడు. తప్పు ఎక్కడ జరిగిందో ఆయనకు తెలియకుండా ఎలా ఉంటుంది? కొద్దిగా, ఎవరికీ తెలియనంతగా, వద్దన్నట్టు తల ఊపాడు. "దేవుడు ఇయ్యాల లీవుల ఉన్నట్టుండు," అని పైకి మాత్రం నవ్వాడు.

పెరట్లో నల్లా దగ్గర ఆయన్ని పట్టుకున్నాను. "చెప్పు పెద్దనాయనా. నువ్వన్న చెప్పు, లేకుంటే నేను చెప్తా."

"ఏమని చెప్పాలె? ఇన్నేండ్లు నువ్వు దాటిన గడపలన్ని నేను తిప్పిన పత్తాలే అనా? గా ధైర్యం ఆమెది బిడ్డా. పత్తా నాది, ధైర్యం ఆమెది. చెప్తే గది కూడ నాదే అయిపోతది. మల్ల లోపల కూసుంటది, ఇగ ఎవ్వలు తియ్యలేరు." కాసేపు నల్లా కింద చెయ్యి పెట్టుకున్నాడు. "గా ఎనిమిది దినాల మాట కూడ నేనే అన్న. ఎవల్ని అనాలె?"

ఎవరు తీసిన గోతిలో వాళ్లే పడతారంటారు. ఆయన అందులో ముప్పై ఏళ్లు కాపురం చేశాడు. నేను నోరు మూసుకున్నాను. ఆయన వద్దన్నాడు కాబట్టి మూసుకున్నానని మీతో చెప్పుకోవచ్చు. నిజమేమిటంటే, తప్పిన వేలు నాదని ఒప్పుకోవడానికి భయపడ్డాను.

ఎనిమిది రోజులూ ఆయన వరండాలోనే కూర్చున్నాడు. పత్రిక చదివాడు, ఎదురింటి మోటారును తిట్టాడు, రెండు మెట్లెక్కితే ఆగి ఊపిరి తీసుకున్నాడు. తొమ్మిదో రోజు పత్తా వచ్చింది. ఆస్పత్రిలో చేర్చాం. అయిదో రోజు పోయాడు. డాక్టరును అడిగాను. "ముందే వస్తే మంచిదే. అయినా పెద్దగా తేడా ఉండకపోవచ్చు," అన్నాడు. ఆ 'పెద్దగా' దగ్గరే నేను ఇంకా నిలబడి ఉన్నాను.

పదకొండో రోజు కర్మ అయింది. చుట్టాలు వెళ్లిపోయారు. పెద్దమ్మ తమ్ముడు జల్‌పల్లికి వచ్చి ఉండమంటే రానంది. రెండు రోజుల తర్వాత పొద్దున గోడ మీంచి నన్ను పిలిచింది. వెళ్లేసరికి వరండాలో స్టూలు, పళ్లెం, కట్ట. ఆయన కుర్చీ ఖాళీగా ఉంది.

"పత్తాలు పరుచు బిడ్డా. ఒక్కటి అడగాలె."

"ఏం అడుగుతవ్ పెద్దమ్మా?"

"గా దినం నేను ఆపకున్నా పోయేటోడేనా అని. పత్తా వస్తే, నా తప్పు లేదు."

తీసింది. కళ్లకద్దుకుంది. మధ్యలో పెట్టింది. నా వేలు తనంతట తానే సందులోకి పోయింది. అంత చక్కటి సందు నేను ఎన్నడూ పట్టలేదు. పెద్దనాయన ఉంటే ఎంత సన్నటి రేకు దూర్చినా పట్టేది కాదు. ఆమె నా మొహం చూస్తోంది. మూడు నాలుగు వారాలుగా తిండి సరిగ్గా లేని కళ్లు. చెయ్యి ఒకసారి తిప్పితే ఆమెకు శాంతి. తిప్పకపోతే ఆమె బతికినన్నాళ్లూ ఆయన చావు ఆమెదే. తిప్పితే మాత్రం ఏమిటి? మొగుణ్ణి ఆపిన పత్తాయే వచ్చి క్షమించినట్టు. రేపు మళ్లీ స్టూలు, మళ్లీ పళ్లెం, మళ్లీ నేను. ముందు నుయ్యి, వెనుక గొయ్యి అని ఎన్నిసార్లు విన్నానో. ఆ రెండింటి మధ్య ఉన్న చోటు ఇంత ఇరుకని ఎవరూ చెప్పలేదు.

"పత్తా పైకి వస్తది పెద్దమ్మా," అన్నాను. "నేను తెస్త గనక వస్తది. ఆయన తెచ్చేటోడు. గా దినం నా వేలు తప్పింది. ఇస్పేటు తొమ్మిది. ఒక్క పత్తా కింద ఉండె."

అంతా చెప్పాను. ఉస్తాద్, బస్సు, ఎనిమిది రోజుల మాట. వేలు తియ్యకుండానే చెప్పాను. నేరం నా మీద వేసుకుంటే ఆమె తేలికపడుతుందని నా లెక్క. లెక్కల పరీక్ష పాసైనదాన్ని కదా!

పెద్దమ్మ ఖాళీ కుర్చీ వైపు తిరిగింది. "అయితే గా దినం ఆపింది దేవుడు గాదు," అంది.

"కాదు. నా వేలు."

"నీ వేలు జారింది. ఆపింది నేను." గొంతు పెరిగింది. "ఆయన ఎదురుంగనే కూసోని ఉండె. ఒక్క మాట చెప్పకపాయె. సావనన్న సచ్చిండు గని, నాకు ఒక్క మాట చెప్పకపాయె!" నా చేతిలోంచి కట్ట లాక్కుంది. తలుపు వేసుకుంది.

మూడు రోజులు ఆ తలుపు తీయలేదు. లోపల గిన్నెల చప్పుడు వినిపిస్తే బతికే ఉందని మా అమ్మా నేనూ ఊపిరి పీల్చుకునేవాళ్లం. నిజం చెప్పి ఆమెను విడిపిస్తున్నాననుకున్నాను. ఉన్న ఒక్క కిటికీ కూడా మూసి వచ్చానేమో అనిపించింది. పెద్దనాయన నల్లా దగ్గర చెప్పింది కూడా ఇదే కదా.

నాలుగో రోజు గోడ మీద కట్ట పెట్టింది. కళ్లు ఉబ్బి ఉన్నాయి. "చూపియ్యి," అంది.

ఆయన నాకు చూపించినట్టే, కట్ట వెనక వైపు ఆమెకు తిప్పి, నిదానంగా చేశాను. పెద్దమ్మ పత్తాను చూడలేదు. నా ఎడమ చెయ్యే చూసింది.

"మల్ల చెయ్యి."

మళ్లీ చేశాను. ఆమె గోడ మీంచి చెయ్యి చాచి, ముడుచుకున్న నా చిటికెన వేలిని పట్టుకుంది.

"గీ వేలా?"

"గీ వేలే పెద్దమ్మా."

"ఆయన వేలు గిట్లనే ఉంటుండె. ఏందని అడిగితే మిషిన్ల నలిగిందన్నడు." ఆమె నా వేలిని వదల్లేదు. "నూనె కాచి రాసిన బిడ్డా. పొద్దుగాల ఒకసారి, పండేముందు ఒకసారి. చలికాలమైతే నువ్వుల నూనె. ఎట్లున్నది అని అడిగితే, జర నయమున్నది అనేటోడు. ఇన్నేండ్లు... జర నయమున్నదట!"

నవ్వింది. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, గోడ పట్టుకుని, ఆగలేక నవ్వింది. ఆ నవ్వు ఎక్కడ ఏడుపైందో నాకు తెలియలేదు. ఇద్దరం గోడకు అటూ ఇటూ నిలబడి ఏడ్చాం. ఆయన పోయాక ఆమె ఏడవడం నేను చూసింది అదే మొదటిసారి.

ఇది జరిగి నెల దాటింది. నన్ను క్షమించిందో లేదో అడగలేదు, ఆమె చెప్పలేదు. పత్తా తీయడం మానేసింది. గడప కూడా దాటలేదు. కూరగాయలు నేనే తెస్తున్నాను. కానీ రోజూ పొద్దున నన్ను కూర్చోబెట్టి సందు పట్టడం నేర్చుకుంటోంది. వేళ్లు మొరాయిస్తాయి, కట్ట జారి వరండా అంతా పత్తాలవుతాయి. ఇద్దరం ఏరుకుంటాం. కింది సగాన్ని పైకి తేవడం చూపిస్తానంటే, "గది నాకెందుకు?" అంటుంది.

ఈ రోజు బీపీ చూపించుకుందాం రమ్మని పిలవడానికి వెళ్లాను. గడప దాకా వచ్చింది. చెప్పులు బయట ఉన్నాయి, ఆమె లోపల ఉంది. ఎడమ చేతిలో కట్ట, సందులో చిటికెన వేలు.

"గీ వేలు తీస్తే ఏమైతది?" అంది.

"సందు మూస్కపోతది పెద్దమ్మా."

"అయితే జర ఆగు," అంది.

ఆగాను. డ్యూటీ టైమైతే బయలుదేరాను. మెట్టు దిగి వెనక్కి తిరిగి చూస్తే, గడప లోపలే అలాగే నిలబడి ఉంది. చూపు కట్ట మీద లేదు, చెప్పుల మీద ఉంది. వేలు ఇంకా తియ్యలేదు.